ఉప్పు ఇల్లు దాటిన ఆదివారం

ఆదివారానికి గరిటక్క వేసుకున్న పథకం చాలా చిన్నది. మధ్యాహ్నం భోజనాల వేళకి ఇంట్లో ఉప్పు అనేది మచ్చుకి కూడా ఉండకూడదు. అంతే. మిగతాది పొయ్యి చూసుకుంటుంది.

గరిటక్క గొడుగుల ఫ్యాక్టరీ క్యాంటీన్లో పెద్ద వంటమనిషి. అసలు పేరేమిటో ఫ్యాక్టరీలో ఎవరికీ పట్టదు, ఆమెకీ పట్టదు. ఆమె వండితే జనం తిని, ప్లేటు కడిగి, మళ్ళీ మిషన్ల దగ్గరికి పోతారు. ఇన్నేళ్ళలో ఒక్కరూ వంక పెట్టలేదు. ఈమధ్య ఫ్యాక్టరీలో ఉచిత వైద్య శిబిరం పెట్టి, పనివాళ్ళకీ ఇంటివాళ్ళకీ బీపీ చూశారు. సగం మందికి ఎక్కువని తేలింది. ఫ్యాన్లు లేని షెడ్డులో షిఫ్టు మీద షిఫ్టు నిలబెడితే బీపీ రాదట. క్యాంటీన్ కూరలో ఉప్పుంటేనే వస్తుందట. ఇది మేనేజరు కనిపెట్టిన సిద్ధాంతం. వంటవాళ్ళని ఊడబెరకాలనుకున్న పెద్దమనిషి ఎప్పుడూ ముందు ఉప్పు గురించే మాట్లాడతాడు.

అట్టపెట్టెల్లో తిండి సర్దిపంపే బయటి కంపెనీ ఒకటి అప్పటికే గేటు దగ్గర కాచుకుని ఉంది. నమూనాకి టాకోలు పంపింది. పెట్టె మీద 'ఉప్పు తక్కువ' అని ఆకుపచ్చ అక్షరాలు. గరిటక్క మూత తీసి చూసింది. సగానికి మడిచిన మొక్కజొన్న రొట్టె, మధ్యలో కూర. ఆవులిస్తూ నిద్రపోయిన పర్సులా ఉంది.

"ఇదే వంటకం మీరూ ఉప్పు తగ్గించి చేసి చూపించండి. బావుంటే క్యాంటీన్ మీది. లేకపోతే వచ్చే నెల నుంచి పెట్టెలే," అన్నాడు మేనేజరు. క్యాంటీన్ పొయ్యిలు రిపేరులో ఉన్నాయి కనుక, ఆదివారం మధ్యాహ్నం ఆమె ఇంటికే వచ్చి తింటాననీ, ఫ్యాక్టరీ డాక్టర్ని కూడా వెంట తెస్తాననీ తేల్చాడు. తన ఒక్కదాని సంగతే అయితే గరిటక్క బెంగపెట్టుకునేది కాదు. గరిట ఎక్కడైనా గరిటే. కానీ ఆమె వెనక కూరగాయలు తరిగే ఆడవాళ్ళు నలుగురున్నారు. క్యాంటీన్ పొయ్యి ఆరిపోతే వాళ్ళ నలుగురిళ్ళలో పొయ్యిలూ ఆరిపోతాయి.

ఆమె భయం వంట రాక కాదు, చెయ్యి మాట వినక.

శనివారం నాడు కూతురు ఫోన్లో చూసి చెబుతుంటే ఒకసారి చేసి చూసింది. డబ్బాలో వచ్చే చిక్కుడు గింజల్లో ఉప్పు ఉంటుందని కూతురు వద్దంది, ఎండు గింజలు నానబెట్టి ఉడికించింది. పొట్లాల్లో అమ్మే మసాలాలో కారం కంటే ఉప్పే ఎక్కువని తేలింది, దాన్ని చెత్తబుట్టలో వేసి జీలకర్ర, ఎండుమిరపకాయలు, వెల్లుల్లి తానే వేయించి దంచింది. చీజ్ ఉప్పగా ఉంటుందని దాని బదులు గట్టి పెరుగు పెట్టింది. అంతా చేసి రుచి చూస్తే ఉప్పుకి నోరు కొట్టుకుపోయింది.

"నేను చిటికెడు కూడా వెయ్యలేదే," అంది గరిటక్క.

"వేశావమ్మా. షాపుకెళ్ళిన నాన్నని తిడుతూ ఒకసారి వేశావ్. మేనేజర్ని తిడుతూ ఇంకోసారి వేశావ్."

రెండోసారి పెదవి కరుచుకుని, ఎవర్నీ తిట్టకుండా చేసింది. మళ్ళీ ఉప్పే. ఏళ్ళ తరబడి గుండిగల్లోకి పిడికిళ్ళతో ఉప్పు విసిరిన చెయ్యి అది. యజమానురాలితో పని లేకుండా గూట్లోకి వెళ్ళి, తీసుకొచ్చి, గిన్నెలో దులిపేసి, ఏమీ ఎరగనట్టు వచ్చి నడుం మీద కూర్చుంటోంది. చెయ్యి కట్టేసుకోమంది కూతురు. "కట్టేసుకుంటే రొట్టెలు ఎవరొత్తుతారు, నీ మొగుడా?" అంది గరిటక్క. "వాడింకా దొరకలేదుగా," అంది కూతురు. చెయ్యి కట్టెయ్యలేం కనుక ఉప్పునే ఇల్లు దాటించాలని తల్లీకూతుళ్ళు తీర్మానించుకున్నారు.

ఈ సంగతి ఇంటాయనకి చెప్పలేదు. ఆయన దర్జీ. వీధి చివర షాపు. మంచివాడే గానీ నోట్లో నువ్వుగింజ నానదు. పెట్టెల కంపెనీ ఏజెంటు ఆ షాపులోనే చొక్కాలు కుట్టించుకుంటాడు. పెట్టెల గొడవ వీధంతా తెలిసిందే గానీ, ఆదివారం రుచి చూడటానికి వస్తున్నారన్న మాట ఆ ఏజెంటు చెవిన పడితే ఏదో ఒక పుల్ల పెట్టకుండా ఊరుకోడు. పైగా దర్జీకి ఉప్పంటే ప్రాణం. ఇంట్లో లేదంటే ఎక్కడినుంచైనా పట్టుకొస్తాడు.

పక్కింట్లో ఒక పెద్దావిడ ఉంది. లెక్కల టీచరుగా చేసి రిటైరైంది. ఆవిడ ఎవరింటి సంగతీ ఊహించదు, సాధిస్తుంది. ఆదివారం పొద్దున్నే గరిటక్క ఒక బకెట్ తెచ్చి ఆవిడ గుమ్మంలో దించింది. అందులో కల్లుప్పు సీసా, మెత్తటి ఉప్పు పొట్లం, ఉప్పు బిస్కెట్లు, చిప్స్, సాసు సీసాలు ఉన్నాయి.

"టీచరుగారూ, రేపటిదాకా ఇది మీ దగ్గరుంచండి. మా ఇంట్లో ఉప్పు ఉండకూడదు."

"ఎందుకమ్మాయ్?"

"ఇప్పుడేం అడక్కండి. మా ఆయనొచ్చి అడిగినా చిటికెడు కూడా ఇవ్వొద్దు. ఎవరికిచ్చినా ఆయనకి మాత్రం ఇవ్వొద్దు. ఆయనకింకా ఏమీ తెలీదు, తెలియనివ్వకండి. మధ్యాహ్నం డాక్టరుగారొస్తున్నారు, రెండు కుర్చీలు కూడా ఇప్పించాలి."

గరిటక్క కళ్ళు ఎర్రగా ఉన్నాయి. అప్పటిదాకా ఉల్లిపాయలు తరిగి వచ్చింది. టీచరమ్మకి ఉల్లిపాయలు కనపడలేదు, కళ్ళే కనపడ్డాయి.

తలుపు మూసుకుని టీచరమ్మ లెక్క మొదలుపెట్టింది. ఇచ్చినది, ఇంట్లో ఉప్పు నిషేధం. ఇచ్చినది, భార్య కళ్ళలో నీళ్ళు. ఇచ్చినది, భర్తకి తెలియకూడదు. ఇచ్చినది, పిలిచినా రాని డాక్టరు సెలవునాడు ఇంటికొచ్చి కుర్చీ వేసుక్కూర్చోవడం. కాబట్టి దర్జీకి మూత్రపిండాలు రెండూ పాడైపోయాయి. నిరూపించడమైనది. ఆవిడ కళ్ళద్దాలు తీసి తుడుచుకుంది. ఆవిడ లెక్కలో అడుగులెప్పుడూ తప్పవు. ఎటొచ్చీ ఒక్కోసారి వేరే వీధికి చేరతాయి.

దర్జీ పొద్దున ఉడకబెట్టిన గుడ్లు తింటాడు, ఉప్పు అద్దుకుని. గుడ్డు ఒలిచి గూట్లో చెయ్యి పెడితే గూడు ఖాళీ.

"ఉప్పేదే?"

"లేదు. అలాగే తినండి, మంచిది. మధ్యాహ్నం కొత్త చొక్కా వేసుకుని ఇంట్లో ఉండండి. డాక్టరుగారొస్తున్నారు."

"డాక్టరెందుకు?"

"వచ్చాక మీకే తెలుస్తుంది."

దర్జీ కూతురి వంక చూశాడు. ఆ పిల్ల నవ్వు ఆపుకోలేక గోడవైపు తిరిగింది. ఆయనకి నవ్వు కనపడలేదు, అదిరే భుజాలు కనపడ్డాయి. గుడ్డు చేత్తో పట్టుకునే పక్కింటికి వెళ్ళాడు. చెంచాడు ఉప్పడిగాడు. టీచరమ్మ ఆయన్ని కిందినుంచి పైదాకా ఒకసారి చూసింది. ఎప్పుడూ అలా చూడలేదు.

"ఉప్పు తప్ప ఏమైనా అడుగు నాయనా."

"గుడ్డుకి ఇంకేం అద్దుకుంటానండీ?"

ఆవిడ లోపలికెళ్ళి ఒక అరటిపండు తెచ్చి చేతిలో పెట్టింది. "మీ ఆవిడ చాలా గుండెనిబ్బరం గల పిల్ల. ఆమెనేం అనకు," అంది. ఏమైందని అడిగితే, తన నోటితో చెప్పననీ, మాటిచ్చాననీ చెప్పి తలుపు దగ్గరికి వేసేసింది.

ఒక చేతిలో గుడ్డు, ఒక చేతిలో అరటిపండు పెట్టుకుని దర్జీ వీధిలో నిలబడ్డాడు. అప్పుడు గుర్తొచ్చింది. వైద్య శిబిరంలో డాక్టరు తల ఎత్తకుండానే అడిగాడు, "గరిటక్క భర్తవా? మీ ఆవిడతో ఒక విషయం మాట్లాడాలి," అని. డాక్టరు మాట్లాడాలనుకున్నది క్యాంటీన్ కూరల గురించి. ఆ ముక్క అప్పుడు అనలేదు. భర్తకి బీపీ చూసి భార్యతో మాట్లాడతానన్నాడంటే ఏమిటి అర్థం? గుడ్డు కుక్కకి వేశాడు. అరటిపండు తనే తిన్నాడు, ఎందుకంటే పోయేవాడికైనా పొద్దున ఆకలేస్తుంది.

తర్వాత ఆయన చేసిన పనులు గరిటక్కకి సాయంత్రం గానీ తెలియలేదు. షాపు తీసి, కుట్టడం పూర్తయినవన్నీ ఎవరివి వాళ్ళ ఇంటికి స్వయంగా తీసుకెళ్ళి ఇచ్చాడు. పూర్తికానివి క్షమించమన్నాడు. అద్దం తుడిచాడు. ఆ పైన రోడ్డు దాటాడు. ఎదురుగా ఇంకో దర్జీ షాపు ఉంది. ఎవరి బోర్డు రంగుని ఎవరు కాపీ కొట్టారన్న తగువు మీద వాళ్ళిద్దరి మధ్యా మాటల్లేవు. రెండు బోర్డుల రంగులూ ఎండకి వెలిసిపోయినా తగువు మటుకు వెలిసిపోలేదు. దర్జీ వెళ్ళి ఆయన చెయ్యి పట్టుకున్నాడు.

"మనసులో ఏమీ పెట్టుకోకన్నా. నాకెన్నో రోజుల్లేవు. నా మిషను నువ్వే తీసుకో. నా తర్వాత అది ఉండదగ్గ చెయ్యి ఈ వీధిలో నీదొక్కటే."

ఎదురు షాపాయన రాయి మనిషి కాదు. కళ్ళు తుడుచుకున్నాడు. తుడుచుకుంటూనే తోపుడు బండిని పిలిచాడు.

మధ్యాహ్నం మేనేజరు కారు వచ్చి ఆగింది. ఆయన జేబులో పెట్టెల కంపెనీతో ఒప్పందం సిద్ధంగా ఉంది, సంతకంతో సహా. ఒక ముక్క కొరికి, మొహం చిట్లించి, సానుభూతిగా నాలుగు మాటలు చెప్పి కారెక్కడం ఆయన పథకం. పక్కన డాక్టరు. టీచరమ్మ రెండు కుర్చీలూ గేటు దగ్గర పెట్టుకుని వీళ్ళ కోసమే కాచుకుని ఉంది.

"డాక్టరుగారూ, నాకంతా అర్థమైంది, నా దగ్గర దాచక్కర్లేదు. దర్జీకి ఇంకెంత కాలం?" అంది గొంతు తగ్గించి.

డాక్టరు నిలబడిపోయాడు. శిబిరంలో ఆయన తల ఎత్తకుండా వందలమందిని చూశాడు, అంటే ఎవర్నీ చూడలేదు. అందులో ఈ దర్జీ ఎవరో, అతనిలో దేన్ని చూడకుండా వదిలేశాడో గుర్తు లేదు. గుర్తు లేదని ఒప్పుకుంటే పరువు పోతుంది. అందుకని కళ్ళు దించుకుని తల అడ్డంగా, చాలా నిదానంగా ఊపాడు. మామూలు మనిషి తల ఊపితే అది గాలి. డాక్టరు ఊపితే సర్టిఫికెట్టు. పక్కనున్న మేనేజరు మొహంలో రంగు మారింది. ఇల్లాలు ఈ స్థితిలో తన కోసం వంట చేస్తోందా అనుకున్నాడు. కుర్చీలు రెండూ తనే మోసుకుంటూ లోపలికొచ్చాడు. ఆయన చేత్తో కుర్చీ మొయ్యడం ఫ్యాక్టరీలో ఎవరూ చూసి ఉండరు.

లోపల గరిటక్క గెలిచినంత పని చేసింది. వంట సాగినంతసేపూ కుడిచెయ్యి గూట్లోకి వెళ్తూనే ఉంది, ఖాళీ తడిమి, సిగ్గుపడి తిరిగొస్తూనే ఉంది. ఉప్పు లేని లోటు పూడ్చడానికి ఆమె తనకి తెలిసిన ప్రతి దొంగ దారీ తొక్కింది. టమాటాలని నిప్పు మీద నల్లగా కాల్చింది. ఉల్లిపాయ చక్రాలని నిమ్మరసంలో నానేసింది. జీలకర్రని మాడీ మాడకుండా ఆఖరి క్షణంలో దించింది. రొట్టెలు పెనం మీద మచ్చలు పడేదాకా కాల్చి, కూర పెట్టి, పెరుగు వేసి, పైన కొత్తిమీర చల్లింది. కూతురు ఒకటి తిని ఏమీ అనలేదు, రెండోది తీసుకుంది. ఆ ఇంట్లో మెచ్చుకోవడమంటే అదే.

కానీ బల్ల దగ్గర కూర్చున్న మొహాలు చూసేసరికి గరిటక్క గుమ్మంలోనే ఆగిపోయింది. ఎవరూ మాట్లాడటం లేదు. మేనేజరు ముక్కు ఎగబీలుస్తూ తింటున్నాడు. డాక్టరు ప్లేటులోంచి చూపు ఎత్తడం లేదు. పిలవకుండానే వచ్చి కూర్చున్న టీచరమ్మ నమలడం ఆపి ఆపి నిట్టూరుస్తోంది. పోయింది క్యాంటీన్, అనుకుంది గరిటక్క. రేపు ఆ నలుగురికీ ఏం చెప్పాలో మాటలు వెతుక్కోవడం మొదలుపెట్టింది.

అప్పుడు దర్జీ వచ్చాడు. కొత్త చొక్కా, నున్నగా దువ్విన జుట్టు. ఒక్కొక్కరినీ పేరుపేరునా పలకరించి, ఆశీర్వదిస్తున్నట్టు చూసి కూర్చున్నాడు. ఒకటి తీసుకుని కొరికాడు. నెమ్మదిగా నమిలాడు.

"ఇంత కమ్మటి తిండి నేనెప్పుడూ తినలేదే," అన్నాడు.

గరిటక్కకి భయం వేసింది. కాపురానికొచ్చిన దగ్గర్నుంచి ఈ మనిషి ఏం తిన్నా ఉప్పు చాల్లేదన్నవాడే. "ఏం చేసొచ్చారు?" అంది చెవి దగ్గర. "అప్పగింతలు," అన్నాడాయన. అని, మేనేజరు వైపు తిరిగి చేతులు జోడించాడు.

"సారూ, నేనేమీ కోరను. నా తర్వాత ఈమెకి ఆ వంటిల్లే దిక్కు. దాన్ని పెట్టెలవాళ్ళ చేతిలో పెట్టకండి. నాకీ ఒక్క మాట ఇవ్వండి, నిశ్చింతగా కళ్ళు మూస్తాను."

మేనేజరు ఆగలేకపోయాడు. జేబులోంచి రుమాలనుకుని ఒప్పందం కాగితం తీసి కళ్ళు తుడుచుకున్నాడు. సంతకం సిరా చెంపకంటుకుంది. క్యాంటీన్ గరిటక్కదేననీ, తను కుర్చీలో ఉన్నంతకాలం ఎవరూ కదిలించలేరనీ అందరి ముందూ మాటిచ్చాడు. తను సాక్షినంది టీచరమ్మ.

గెలిచిన గరిటక్క గెలుపు సంగతే పట్టించుకోలేదు. "మీ తర్వాతేంటి? ఎక్కడికి పోతున్నారు మీరు?" అంది మొగుడితో.

"ఇంకా దాచకే. టీచరమ్మ ఉప్పివ్వనప్పుడే నాకు తెలిసిపోయింది."

గరిటక్క టీచరమ్మ వంక చూసింది. టీచరమ్మ డాక్టరు వంక చూసింది. డాక్టరు టాకో వంక చూశాడు. అక్కణ్ణించి ఇంకెవరి వంకా చూడ్డానికి లేదు.

గరిటక్క నెత్తి కొట్టుకుంది. చెయ్యి కథ, బకెట్ కథ మొదటినుంచీ చెప్పుకొచ్చింది. "ఉప్పుని పంపించింది నా చేతి జబ్బుకండీ, మీ జబ్బుకి కాదు. మీకేం రోగం? గుండ్రాయిలా ఉన్నారు."

దర్జీ కాసేపు ఆలోచించాడు. "అయితే నేను పోవడం లేదా?" అన్నాడు. ఆ గొంతులో కాస్త నిరాశ ఉంది, ఇంత సభ ఊరికే పోయిందే అని. ఆ వెంటనే మొహం పాలిపోయింది. "నా మిషను," అంటూ చెప్పులు కూడా వేసుకోకుండా వీధిలోకి పరుగెత్తాడు.

మేనేజరు కుర్చీలో సర్దుకుని కూర్చున్నాడు. చెంప మీది సిరాతో సహా మళ్ళీ మేనేజరైపోయాడు.

"అయితే నేనన్న మాట చెల్లదు. అది జాలితో అన్నది. తిన్నది కూడా జాలితోనే."

గరిటక్క ఏడవలేదు, బతిమాలలేదు. చేతులు తుడుచుకుని బల్ల దగ్గరికొచ్చింది.

"జాలితో ఒకటి తింటారు సారూ. మీ ప్లేటు చూసుకోండి."

మేనేజరు చూసుకున్నాడు. ప్లేటు కడిగినట్టుంది. ఆయన భాగానికి పెట్టిన టాకోలన్నీ అయిపోయాయి. పెరుగు మరక కూడా మిగల్లేదు. అంతకంటే ఘోరం, ఇంత మాట్లాడుతున్నంతసేపూ ఆయన కుడిచెయ్యి ఆయనకి తెలియకుండానే వెళ్ళి డాక్టరు ప్లేటులోంచి ఒకటి తీసుకుంది, సగం కొరకడం కూడా అయింది.

"మీ చెయ్యీ నా చెయ్యి లాంటిదే," అంది గరిటక్క. "యజమాని మాట వినదు."

టీచరమ్మకి అప్పటికి లెక్క మళ్ళీ మొదటినుంచీ చేయడం పూర్తయింది. "డాక్టరుగారూ, జబ్బే లేకపోతే గేటు దగ్గర తల ఎందుకూపారు?" అని అడిగింది. మెడ పట్టేసిందన్నాడు డాక్టరు. అలా అన్నాక ఆయనకి ఆ ఇంట్లోంచి తొందరగా బయటపడటం తప్ప వేరే కోరిక లేకపోయింది. ఉప్పు తగ్గినా రుచి తగ్గలేదనీ, ఈ తిండే జనానికి పెట్టాలనీ అక్కడే కూర్చుని రాసిచ్చాడు. పెన్ను మూత పెట్టబోతుంటే గరిటక్క ఆగమంది. బీపీకి షెడ్డులో ఉక్క కూడా కారణమా కాదా అని అడిగింది. టీచరమ్మ కళ్ళద్దాలు పెట్టుకుని వంగి చూస్తోంది. కారణమేనని డాక్టరు ఒప్పుకున్నాడు. ఫ్యాన్ల సంగతి కూడా కింద రాసి సంతకం పెట్టాడు. మేనేజరు నోట్లో టాకో ఉండటం వల్ల అభ్యంతరం చెప్పలేకపోయాడు.

కారు వెళ్ళిపోయాక గరిటక్క ముందు ఆ నలుగురికీ కబురు పంపింది. తర్వాత గోడకి ఆనుకుని కూర్చుని, మిగిలిన ఒక్క టాకో తను తింది. ఒక గింజ ఉప్పు పడితే ఇంకా బావుండును అనుకుంది. ఆ మాట పైకి అనలేదు, ఎప్పటికీ అనదు.

దర్జీ చీకటి పడుతుండగా మిషనుతో తిరిగొచ్చాడు. ఎదురు షాపాయన న్యాయం తప్పే మనిషి కాదు, తిరిగిచ్చేశాడు. కానీ ఒక మాట తీసుకున్నాడు. నిజంగా పోయేటప్పుడు మాత్రం మిషను తనకే చెందాలి. అప్పటికి చెప్పులు లేని కాళ్ళతో రోడ్డు మధ్య నిలబడి ఉన్న దర్జీ సరేనని చేతిలో చెయ్యేశాడు.

ఇప్పుడు వాళ్ళిద్దరి మధ్యా మాటలున్నాయి. రోజూ పొద్దున్నే ఎదురు షాపాయన రోడ్డు దాటి వచ్చి ఆరోగ్యం ఎలా ఉందని ఆప్యాయంగా అడుగుతాడు. సాయంత్రం ఒక పొట్లం ఉప్పు వేరుశనగలు పంపిస్తాడు. దర్జీ ముట్టుకోవడం లేదు.